రెండు పేర్ల బతుకు

మా అమ్మాయికి పదో తరగతి పరీక్షలు అయిపోయిన దగ్గర్నుంచీ కొరియా సీరియళ్ళ పిచ్చి పట్టుకుంది. పొద్దస్తమానం ఫోను పట్టుకుని అవే చూస్తుంది. మొన్నొక రోజు వంటింట్లోకి వచ్చి నన్ను ‘ఒమ్మా’ అని పిలిచింది. "అదేం పిలుపే, శుభ్రంగా అమ్మా అనక!" అని మా అత్తయ్యగారు కసిరారు. కొరియా భాషలో ఒమ్మా అంటే అమ్మేనట. అమ్మకీ ఒమ్మాకీ ఎంత దూరం లెండి!

ఆ సీరియళ్ళలో ‘పచింకో’ అని ఒకటుంది. 2022లో వచ్చింది. అమెరికాలో స్థిరపడిన కొరియా రచయిత్రి మిన్ జిన్ లీ 2017లో రాసిన నవల దానికి ఆధారం. జపాన్‌కి వలస వెళ్ళిన ఒక కొరియా ఆడమనిషి, ఆమె పిల్లలు, మనవల కథ. అది చూస్తూ చూస్తూ మా అమ్మాయి నన్నొక ప్రశ్న అడిగింది.

"అమ్మా, ఈ పిల్లలంతా జపాన్‌లోనే పుట్టారు కదా. మరి జపాన్ వాళ్ళు ఎందుకు కాలేదు?"

నాకు జవాబు తెలియలేదు. డిగ్రీలో చరిత్ర చదివానన్న మాటే గానీ, జపాన్ అనగానే హిరోషిమా, అణుబాంబు తప్ప మరేం గుర్తు రాలేదు. నవల సంపాదించి మధ్యాహ్నం పనులయ్యాక చదవడం మొదలెట్టాను. అందులో నోవా అనే పిల్లాడికి ఇంట్లో ఒక పేరు, బళ్ళో ఇంకో పేరు. బళ్ళో తను కొరియా వాడినని తెలియకుండా దాచుకోవాలని వాడి తాపత్రయం.

అక్కడ నా చదువు ఆగిపోయింది. మా మేడ మీది వాటా గుర్తొచ్చింది.

మూడేళ్ళ క్రితం ఆ వాటాలోకి ఒక నర్సమ్మాయి, వాళ్ళమ్మ అద్దెకొచ్చారు. అడ్వాన్సు తీసుకునే ముందు మా అత్తయ్యగారు అలవాటుగా "ఇంటిపేరేమిటమ్మా?" అన్నారు. ఎందుకడుగుతారో మీకు నేను చెప్పాలా? ఆ పిల్ల ఒక్క క్షణం వాళ్ళమ్మ వంక చూసింది. తర్వాత ఒక ఇంటిపేరు చెప్పింది. అత్తయ్యగారు తృప్తిపడ్డారు. రెండు నెలల తర్వాత పోస్టుమాను ఇచ్చిపోయిన కవరు మీద వేరే ఇంటిపేరుంది. నాకు విషయం అర్థమైంది. కవరు మెట్ల మీద పెట్టి వచ్చేశాను. అత్తయ్యగారికి చెప్పలేదు, ఆ పిల్లతోనూ మాట్లాడలేదు. ఎంతో ఉదారంగా ప్రవర్తించానని అప్పట్లో నా మీద నాకే గొప్ప నమ్మకం.

ఆ పిల్ల వైపు నుంచి ఆలోచించడం నాకు జపాన్‌లోని కొరియన్ల గురించి తెలుసుకున్నాకే వచ్చింది. అందుకే ఈ వ్యాసం.

వాళ్ళు అక్కడికి ఎలా చేరారు?

1910లో జపాన్ కొరియాని తన రాజ్యంలో కలిపేసుకుంది. భూములు పోయి, బతుకుదెరువు లేక వేలమంది సముద్రం దాటి జపాన్ చేరారు. గనులు, ఫ్యాక్టరీలు, రోడ్ల పనులు, ఏ పనైనా సరే, తక్కువ కూలికి చేశారు. 1939 నుంచి యుద్ధం అవసరాల కోసం మనుషుల్ని సమీకరించి తరలించడం మొదలైంది. 1945లో యుద్ధం ముగిసేనాటికి జపాన్‌లో దాదాపు 20 లక్షల మంది కొరియన్లున్నారు. చాలామంది తిరిగి వెళ్ళిపోయారు. వెళ్ళేవాళ్ళు వెయ్యి యెన్‌లకు మించి వెంట తీసుకెళ్ళడానికి వీల్లేదన్నారు. అక్కడ చూస్తే దేశం రెండు ముక్కలవుతోంది. ఆ పరిస్థితుల్లో సుమారు 6 లక్షల మంది ఉన్నచోటే ఉండిపోయారు. వీళ్ళనీ వీళ్ళ పిల్లల్నీ ‘జైనిచి’ అంటారు. జపాన్‌లో ఉంటున్నవాళ్ళు అని ఆ మాటకి అర్థం. నాలుగైదు తరాలు గడిచినా ఇంకా ‘ఉంటున్నవాళ్ళే’ చూడండి!

రాజ్యంలో కలుపుకున్నప్పుడు కొరియన్లంతా జపాన్ చక్రవర్తి ప్రజలే అన్నారు. 1952 ఏప్రిల్ 28న శాంతి ఒప్పందం అమల్లోకి రాగానే, జపాన్‌లో ఉన్న కొరియన్ల పౌరసత్వం పోయింది. మీకేం కావాలని వాళ్ళనెవరూ అడగలేదు. జపాన్ చట్టంలో పుట్టిన చోటుని బట్టి పౌరసత్వం రాదు, తల్లిదండ్రులని బట్టే వస్తుంది. 1985 దాకా అయితే తండ్రిని బట్టే. మా అమ్మాయి ప్రశ్నకి జవాబు ఇదీ. టోక్యోలో పుట్టినా, తాత కూడా టోక్యోలోనే పుట్టినా, చట్టం దృష్టిలో ఆ పిల్ల విదేశీయురాలే.

ఇంటిపేరు మారని ఆడవాళ్ళు

మనకి పెళ్ళయితే ఇంటిపేరు మారిపోతుంది. కొరియాలో మారదు. పెళ్ళయినా, పిల్లలు పుట్టినా, ఆడమనిషి చచ్చేదాకా పుట్టింటి పేరుతోనే ఉంటుంది. పిల్లలకి మాత్రం తండ్రి ఇంటిపేరు వస్తుంది. ఇది చదివినప్పుడు నాకు కాస్త ఈర్ష్య కలిగిన మాట నిజం.

1940లో జపాన్ ప్రభుత్వం అక్కడా చెయ్యి పెట్టింది. కుటుంబానికంతా ఒకే జపనీ ఇంటిపేరు నమోదు చేసుకోవాలని ఆదేశించింది. ఆరు నెలల్లో దాదాపు 80 శాతం కుటుంబాలు కొత్త పేర్లు రాయించుకున్నాయి. దరఖాస్తు పెట్టుకోవడం స్వచ్ఛందమేనని పైకి చెప్పారు గానీ, పేరు మార్చుకోకపోతే రోజులు గడవవని అందరికీ తెలుసు. ఆ దెబ్బతో అక్కడి ఆడవాళ్ళకీ మొదటిసారి భర్తతో కలిపి ఒకే ఇంటిపేరొచ్చింది.

యుద్ధం అయ్యాక కొరియాలో ఉన్నవాళ్ళు పాత పేర్లు తిరిగి తెచ్చుకున్నారు. జపాన్‌లో మిగిలిపోయినవాళ్ళకి అంత సులువుగా కుదర్లేదు. కిమ్ అనో, పాక్ అనో చెబితే ఇల్లు దొరకదు, ఉద్యోగం రాదు, బళ్ళో పిల్లల్ని ఏడిపిస్తారు. డబ్బాలో కిమ్చీ వాసన వస్తే చాలు, పక్క పిల్లలు ముక్కు మూసుకునేవారు. అందుకని కాగితాల మీద ఒక పేరు, వాడుకలో ఇంకో పేరు అలవాటైపోయింది.

ఈ భయానికి ఇంకా పాత మూలం కూడా ఉంది. 1923 సెప్టెంబరు 1న టోక్యో ప్రాంతంలో పెద్ద భూకంపం వచ్చింది. కొరియన్లు బావుల్లో విషం కలుపుతున్నారని పుకారు లేచింది. జనం గుంపులుగా బయల్దేరి దారినపోయేవాళ్ళని ఆపి ‘15 యెన్‌ల 50 సెన్‌లు’ అని జపనీ భాషలో పలకమన్నారు. కొరియా వాళ్ళ నాలుకకి ఆ అక్షరాలు సరిగ్గా తిరగవు. పలకలేనివాళ్ళని చంపేశారు. ఎంతమంది అన్న లెక్క మీద ఇప్పటికీ వాదులాట ఉంది గానీ, వేలల్లోనే అని చరిత్రకారులు చెబుతారు. ఆ కథ వింటూ పెరిగిన తల్లి, పిల్లని బడికి పంపేటప్పుడు "బయట మన మాట మాట్లాడకు" అందంటే తప్పు పట్టగలమా?

ఒక్క యెన్ దావా

అందరూ దాచుకునే బతకలేదు. నన్ను బాగా ఆకట్టుకున్నవాళ్ళలో చ్వే చాంగ్ హ్వా అనే పాస్టరుగారొకరు. జాతీయ ప్రసార సంస్థ ఎన్.హెచ్.కె. ఆయన పేరుని జపనీ పద్ధతిలో ‘సాయ్ షోకా’ అని చదివింది. రెండు భాషల్లోనూ రాసే చైనా అక్షరాలు ఒకటే, పలకడం వేరు. నా పేరు నా పేరులాగే పలకండి అని ఆయన 1975లో కోర్టుకెక్కారు. అడిగిన నష్టపరిహారం ఎంతో తెలుసా? ఒక్క యెన్! 1988లో సుప్రీంకోర్టు ఆయనకి వ్యతిరేకంగానే తీర్పు చెప్పింది. అయితే తన పేరు సరిగ్గా పిలిపించుకోవడం చట్టం కాపాడదగిన విషయమేనని అదే తీర్పులో ఒప్పుకుంది. ఈలోగా 1980లలోనే కొరియా పేర్లని కొరియా ఉచ్చారణతో చదవడం అక్కడి వార్తల్లో అలవాటైంది. కేసు ఓడినా ఆయన అడిగింది మాత్రం జరిగింది.

ఆయన కూతురు చ్వే సున్ ఏ పియానో వాయిస్తారు. ఆ రోజుల్లో విదేశీయులందరూ వేలిముద్రలిచ్చి, గుర్తింపు కార్డు ఎప్పుడూ వెంట పెట్టుకు తిరగాలి. జపాన్‌లో పుట్టినవాళ్ళయినా సరే, 14 ఏళ్ళు రాగానే వెళ్ళి వేలు ఒత్తాల్సిందే. (1982లో దాన్ని 16 ఏళ్ళు చేశారు.) నేనేం నేరం చేశానని ముద్ర వెయ్యాలంటూ ఆమె 1981లో నిరాకరించారు. 1986లో అమెరికాకి చదువుకోవడానికి వెళ్ళబోతే తిరిగి వచ్చే అనుమతి ఇవ్వలేదు. అయినా వెళ్ళారు. పుట్టి పెరిగిన దేశంలో శాశ్వత నివాస హక్కు పోగొట్టుకున్నారు. 1999లో చట్టం సవరించాక గానీ ఆ హక్కు మళ్ళీ రాలేదు. ఆమెలాగా వేలమంది నిరాకరించబట్టే, శాశ్వత నివాసులకి వేలిముద్రల నిబంధన 1993లో రద్దయింది.

ఉద్యోగాల సంగతి కూడా ఇలాంటిదే. పాక్ చోంగ్ సోక్ అనే కుర్రాడు 1970లో హిటాచీ కంపెనీ పరీక్ష రాసి నెగ్గాడు. దరఖాస్తులో రాసింది వాడుక పేరు, అరాయ్ షోజీ. కొరియా వాడని తెలిసి కంపెనీ ఉద్యోగం వెనక్కి తీసుకుంది. పేరు దాచి మోసం చేశావంది. పేరు దాచుకోక తప్పని పరిస్థితి ఎవరు తెచ్చారని అతను అడిగాడు. 1974లో యోకొహామా కోర్టు అతని పక్షాన తీర్పిచ్చింది. అక్కడే ఉద్యోగం చేసి, పదవీ విరమణ కూడా చేశాడు.

చోంగ్ హ్యాంగ్ గ్యున్ కథ మాత్రం అలా ముగియలేదు. తండ్రి కొరియన్, తల్లి జపనీయురాలు. 1988లో టోక్యో ప్రభుత్వంలో ప్రజారోగ్య నర్సుగా చేరిన మొదటి విదేశీయురాలు. విదేశీయురాలంటే అక్కడే పుట్టిన మనిషి, గుర్తుంచుకోండి. 1994లో పైపదవి పరీక్ష రాస్తానంటే, పౌరసత్వం లేదని దరఖాస్తే తీసుకోలేదు. పై కోర్టు 1997లో ఆమెకి నష్టపరిహారం ఇమ్మంది. 2005 జనవరిలో సుప్రీంకోర్టు ఆ తీర్పు కొట్టేసింది. టీకాలు వెయ్యడానికి, రోగుల ఇళ్ళ చుట్టూ తిరగడానికి పనికొచ్చిన మనిషి, పెద్ద కుర్చీకి పనికి రాలేదు.

లంగా అంచు మీద పడ్డ కత్తి

వివక్ష ఎక్కడున్నా ఆడపిల్లల వాటా కొంచెం ఎక్కువే ఉంటుంది. ఉత్తర కొరియాని సమర్థించే సంఘం నడిపే కొరియా బడులు జపాన్‌లో చాలాచోట్ల ఉన్నాయి. వాటిలో మగపిల్లలకి మామూలు బట్టలే యూనిఫారం. ఆడపిల్లలకి మాత్రం చిమా చొగోరి, అంటే వాళ్ళ సంప్రదాయం ప్రకారం పొడుగు లంగా, పొట్టి రవికె. జాతి గౌరవం మొయ్యాల్సిన బరువు ఆడపిల్లల మీదే పెట్టారన్నమాట. రైల్లో అబ్బాయి ఎవరో తెలియదు, అమ్మాయి ఎవరో అందరికీ తెలుస్తుంది.

1994లో ఉత్తర కొరియా అణు కార్యక్రమం మీద గొడవ లేచినప్పుడు రైళ్ళలో, స్టేషన్లలో ఈ పిల్లల లంగాలు కత్తిరించారు. రాజకీయం చేసింది ఎవరో, లంగా చిరిగింది ఎవరిదో! ఆ తర్వాత దారిలో వేసుకోవడానికి మామూలు స్కర్టు, కోటు ఏర్పాటు చేసుకోవాల్సి వచ్చింది. 2002లో ఉత్తర కొరియా జపాన్ పౌరుల్ని ఎత్తుకుపోయిన మాట ఒప్పుకున్నప్పుడు జపాన్‌లో కోపం రావడం న్యాయమే. ఆ బిడ్డల తల్లుల దుఃఖం చిన్నది కాదు. అయితే ఆ కోపం మళ్ళీ వెళ్ళి బడి పిల్లల మీదే పడింది. 2009 డిసెంబరులో క్యోటోలోని కొరియా ప్రాథమిక పాఠశాల గేటు ముందు కొందరు చేరి మైకుల్లో బూతులు తిట్టారు. లోపల చిన్నపిల్లలు! కోర్టు 2013లో ఆ తిట్టినవాళ్ళ చేత కోటి యెన్‌లకు పైగా పరిహారం కట్టించమంది.

హల్మోనీల బడి

హల్మోనీ అంటే వాళ్ళ భాషలో బామ్మ, అమ్మమ్మ. మొదటి తరం హల్మోనీలకి చదువు లేదు. పనే చదువు. టోక్యో పక్కనే కవసాకీ అనే ఫ్యాక్టరీల ఊళ్ళో సకురమోతో అనే పేట ఉంది. అక్కడ 1988లో ఫురెయికాన్ అనే కేంద్రం వెలిసింది. కొరియన్లూ, జపనీయులూ, ఇతర దేశాలవాళ్ళూ కలిసి వచ్చే చోటు. జీవితమంతా సంతకం చెయ్యడం రాక సిగ్గుపడ్డ ముసలమ్మలు అక్కడ అక్షరాలు దిద్దుకున్నారు. డెబ్భై, ఎనభై ఏళ్ళ వయసులో తమ పేరు తామే రాసుకున్నారు. వాళ్ళ రాతలు 2019లో పుస్తకంగా వచ్చాయి.

వీళ్ళలో చాలామందికి పెన్షను లేదు. 1959లో పెన్షను చట్టం చేసినప్పుడు జపాన్ పౌరులకే అన్నారు. 1982లో ఆ షరతు తీసేశారు. కానీ 1986 నాటికి 60 ఏళ్ళు దాటినవాళ్ళకి దారి చూపలేదు. పన్నులు మాత్రం అందరిలాగే కట్టారు.

ఆ పేట మీదికే 2015 నవంబరులో కొరియన్లని వెళ్ళగొట్టాలంటూ ఊరేగింపు బయల్దేరింది. పేట జనం, వాళ్ళకి తోడుగా వచ్చిన జపనీయులు రోడ్డు మీద నిలబడి ఆపారు. అక్కడి మూడో తరం మహిళ, ఫురెయికాన్‌లో పనిచేసే చ్వే కాంగ్ ఇజా, 2016 మార్చిలో పార్లమెంటు కమిటీ ముందుకు వెళ్ళి తన పిల్లలు ఏం చూశారో, ఏం విన్నారో చెప్పారు. ఆ ఏడాదే ద్వేష ప్రసంగాలకి వ్యతిరేకంగా చట్టం వచ్చింది. అందులో శిక్ష లేదు. 2019 డిసెంబరులో కవసాకీ నగరం 5 లక్షల యెన్‌ల దాకా జరిమానాతో సొంత నిబంధన చేసుకుంది. జపాన్‌లో అలాంటిది అదే మొదటిది. ఇంత చేసినందుకు ఆమెకి దక్కినవి బెదిరింపు ఉత్తరాలు.

2021 ఆగస్టులో క్యోటో దగ్గర ఉతోరో అనే కొరియా పేటలో 22 ఏళ్ళ కుర్రాడు నిప్పు పెట్టాడు. యుద్ధకాలంలో విమానాశ్రయం కట్టడానికి వచ్చిన కూలీల పేట అది. 1988 దాకా కుళాయి నీళ్ళు కూడా లేని చోటు. ఆ కుర్రాడికి నాలుగేళ్ళ జైలు పడింది. పేటవాళ్ళు మాత్రం 2022 ఏప్రిల్‌లో తమ చరిత్ర చెప్పే మ్యూజియం తెరిచారు.

మరి పౌరసత్వం తీసుకోవచ్చు కదా?

నేనూ అదే అనుకున్నాను. మూడు లక్షల మందికి పైగా తీసుకున్నారు కూడా. 1980ల దాకా పౌరసత్వం కావాలంటే జపనీ పేరు పెట్టుకోమని అధికారులు ఒత్తిడి చేసేవారు. రెండు దేశాల పౌరసత్వం జపాన్ ఒప్పుకోదు. తాత ముత్తాతల పేరు వదులుకోలేక ఆగినవాళ్ళున్నారు. అడగకుండా తీసేసింది మళ్ళీ మేం దరఖాస్తు పెట్టి అడగాలా అని ఆగినవాళ్ళూ ఉన్నారు. అలా ఆగిన కొరియన్లు ఇంకా మూడు లక్షల లోపు ఉన్నారు. వాళ్ళకి తమ ఊరి కౌన్సిలు ఎన్నికల్లో కూడా ఓటు లేదు.

మన పేటీఎం, ఓలాల్లో పెట్టుబడి పెట్టిన సాఫ్ట్‌బ్యాంక్ అధిపతి మసయోషి సోన్ కూడా జైనిచి కుటుంబంలో పుట్టినవాడే. చిన్నప్పుడు యసుమోతో అనే పేరుతో పెరిగాడు. పెద్దయ్యాక సోన్ అనే సొంత పేరుతోనే వ్యాపారం మొదలెట్టాడు. పౌరసత్వానికి వెళితే, జపనీయుల్లో సోన్ అనే ఇంటిపేరే లేదు, కుదరదన్నారట. అతని భార్య జపనీయురాలు. ఆవిడ కోర్టుకి వెళ్ళి తన ఇంటిపేరు సోన్ అని మార్పించుకుంది. ఇదిగో, సోన్ అనే జపనీయురాలు ఉందిగా అని అతను భార్యనే సాక్ష్యంగా చూపించాడు. ఇంటిపేరు మార్చుకోవడం ఇంత పనికొచ్చిన సందర్భం నేనింకోటి వినలేదు!

మళ్ళీ మా మేడ మీదికి

జపాన్ కథ వేరు, మన కథ వేరు. అక్కడ దేశం, ఇక్కడ కులం. కానీ అద్దెకి ఇల్లు అడగబోయేవాళ్ళ గుండె కొట్టుకోవడంలో తేడా ఉంటుందా? కొరియా వాడని ఇల్లివ్వని యజమానిని నష్టపరిహారం కట్టమని ఒసాకా కోర్టు 1993లోనే చెప్పింది. నా మీద అలాంటి దావా ఎవరైనా వేస్తే నేనేం జవాబు చెప్పేదాన్ని? అడిగింది మా అత్తయ్యగారు, నేను కాదు అంటానా?

ఆ నర్సమ్మాయి పదకొండు నెలలుండి బదిలీ మీద వెళ్ళిపోయింది. పోస్టుమాను సైకిలు బెల్లు వినపడగానే గబగబా మెట్లు దిగి వచ్చేది. ఏదో ముఖ్యమైన ఉత్తరం కోసం ఎదురు చూస్తోందనుకునేదాన్ని. నేను కవరు మెట్ల మీద పెట్టిన రోజున, అది నేను చదివానా లేదా అని ఎన్ని రాత్రులు నిద్ర పోలేదో! "నాకు తెలుసమ్మా, ఏం ఫర్వాలేదు" అని ఒక్క మాట అంటే నా సొమ్మేం పోయేది? అత్తయ్యగారితో గొడవెందుకని నోరు మూసుకున్నాను. దానికే ఉదారమని పేరు పెట్టుకున్నాను.

పోయిన నెల ఆ వాటా మళ్ళీ ఖాళీ అయింది. ఒక జంట చూడ్డానికొచ్చారు. అత్తయ్యగారు కళ్ళజోడు సర్దుకుని "ఇంటి..." అనబోతుండగానే నేను అందుకుని, అద్దె ఇంత, కరెంటు బిల్లు మీదే, మంచినీళ్ళు పొద్దున్న ఆరింటికి వస్తాయి అని గడగడా చెప్పి తాళం చెవి చేతిలో పెట్టేశాను. ఆవిడ నాతో మూడు రోజులు మాట్లాడలేదు. మావారు పేపరు అడ్డం పెట్టుకుని నవ్వారు.

నాలుగో రోజు కొత్తగా వచ్చిన ఆ అమ్మాయి చక్కెర కోసం కిందికొచ్చింది. అత్తయ్యగారే తలుపు తీశారు. నేను వంటింట్లోంచి చెవులు రిక్కించాను.

"నీ పేరేమిటమ్మా?" అన్నారు.

ఆ అమ్మాయి తన పేరు చెప్పింది. పేరు ఒక్కటే. ఆవిడ ఇంకేమీ అడక్కుండా లోపలికొచ్చి చక్కెర డబ్బా తీసుకెళ్ళారు.